బుడగ నత్త – ఒక చీటీ కథ

మన కళాశాల జంతుశాస్త్ర ప్రదర్శనశాలలో కిటికీ ప్రక్కన ఒక పాత అద్దాల అల్మైరా ఉన్నది. దాని రెండవ అరలో, శంఖానికీ గవ్వలకూ నడుమ, రెండు గుండ్రని కర్పరాలు ఒకే దూదిపరుపుపై ప్రక్కప్రక్కనే ఉంటాయి. రెండింటి ముందూ రెండు అట్టచీటీలు. మొదటి చీటీ నిర్మలంగా ఉన్నది. రెండవ చీటీపై ఒక పేరును అడ్డంగా కొట్టివేసి, ప్రక్కన మరొక పేరు వ్రాసి ఉన్నది. దాని దిగువన పెన్సిలుతో ఇంకొక పంక్తి. నేను ఆ విభాగంలో పనిచేసిన కాలంలో ప్రతి సంవత్సరమూ ఎవరో ఒక విద్యార్థి, "సార్, ఈ చీటీ మార్చకూడదా? ప్రదర్శనశాలకు శోభగా లేదు" అని అడిగేవాడు. "తరువాత చెబుతాను" అని దాటవేసేవాణ్ణి. పదవీ విరమణ అనంతరం ఈ సంచిక కొరకు ఏదైనా వ్రాయమని సంపాదకవర్గం కోరినపుడు, ఆ పాత బాకీ తీర్చుకొనే సమయం వచ్చిందని తోచింది.

1985 జనవరిలో నేను ఇదే కళాశాలలో బి.ఎస్సీ. రెండవ సంవత్సరం చదువుతున్నాను. విజ్ఞాన యాత్రగా మమ్ములను తమిళనాడులోని మండపం తీరానికి తీసుకొనిపోయారు. హుస్సేన్‌సాగర్‌కంటె పెద్ద నీటిని కంటితో చూచి ఎరుగని పిల్లలం మేము. మండపం వద్ద నేల సన్నని నాలుకవలె సముద్రంలోకి చొచ్చుకొనిపోతుంది. దక్షిణాన మన్నారు సింధుశాఖ, ఉత్తరాన పాక్ అఖాతం. ఉత్తరపు వైపు నీరు లోతు తక్కువ, అలల ఉద్ధృతి తక్కువ. అడుగున బురద కలిసిన ఇసుక, దానిపై పచ్చికబయలువలె సముద్రపు గడ్డి.

మొదటి రోజు పగలంతా మోకాటి లోతు నీటిలో వంగి వెదకినా, మా ఉపాధ్యాయులు చూపదలచిన నత్త మాత్రం దొరకలేదు. వారు చిరునవ్వుతో, "మీరు వేళ కాని వేళలో వెదకుతున్నారు. కొందరి తలుపు రాత్రి తడితేనే తెరచుకొంటుంది" అన్నారు. భోజనాల తరువాత టార్చిలైట్లు పట్టుకొని మరల అక్కడికే పోయాము. పగలు నునుపుగా కనిపించిన ఇసుకపై ఇప్పుడు నాగటిచాళ్ల వంటి సన్నని గీతలు. ఒక గీత వెంట వెలుగును నడిపించుకొంటూ పోగా, దాని కొసన మెల్లగా కదులుతున్న ఒక ముద్ద కనిపించింది. అదే బుడగ నత్త. శాస్త్రీయ నామం బుల్లా అంపుల్లా. లాటిను భాషలో బుల్లా అనగా నీటిబుడగ, అంపుల్లా అనగా బొజ్జ గల కూజా. పేరు పెట్టినవారు రెండు విధాల ఒకే మాట చెప్పారు: ఇది ఉబ్బిన ప్రాణి.

సామాన్యమైన నత్త కర్పరానికి గోపురం వంటి శిఖరం ఉంటుంది. దీనికి అది లేదు. చివరి చుట్టు తక్కిన చుట్టులన్నింటినీ తనలో దాచుకొనగా, శిఖరం ఉండవలసిన చోట చిన్న గుంట మాత్రమే మిగిలింది. కర్పరపు వాకిలి ఒక కొస నుండి మరొక కొసను దాటిపోయేంత పొడవు. పెద్ద నత్తలకు కూడ మూత ఉండదు. లేత గులాబీ, గోధుమ, బూడిద వన్నెలు కలిసిన మచ్చలు దాని వీపునిండా ఉన్నాయి. తలమీద కొమ్ములు లేవు. వాటికి మారుగా తల పైభాగమంతా వెడల్పుగా పరచుకొని ఒక పలకవలె తయారైంది. ఈ శిరోఫలకంతోనే అది ఇసుకను దున్నుకొంటూ ముందుకు పోతుంది. దేహం లోపలికి ఇసుక చొరబడకుండ కాచుకొంటుంది. ఈ ఫలకం అంచుల దిగువన వాసనను పసిగట్టే అవయవాలు ఉంటాయి. ఫలకంలో మునిగినట్లు రెండు చిన్న నల్లని చుక్కలు. అవే కన్నులు. ఆ చుక్కలను ఆ రాత్రి మేమెవరమూ లక్ష్యపెట్టలేదు.

ఒక నత్తను సముద్రపు నీరూ ఇసుకా నింపిన గాజుసీసాలో ఉంచి బస గదిలో కిటికీమీద పెట్టుకొన్నాము. తెల్లవారేసరికి అది ఇసుకలో మునిగి మాయమైంది. చీకటి పడిన తరువాత పైకి వచ్చింది. మరునాడూ అంతే. మిత్రుడొకడు, "పగలంతా నిద్రపోయే సోమరి నత్త" అన్నాడు. అందరూ నవ్వారు. అందరికంటె బిగ్గరగా నేను నవ్వాను. ఎందుకంటే పగలంతా నిద్రపోయే మనిషి మా ఇంట్లో ఒకరు ఉన్నారు. ఆ సంగతి వారెవరికీ తెలియకూడదని నా తాపత్రయం.

మా అబ్బా నగరంలోని ఒక ఉర్దూ దినపత్రికలో కాతిబు. నేటి విద్యార్థులకు ఈ మాట వివరించక తప్పదు. ఆ రోజులలో ఉర్దూ పత్రిక యావత్తూ చేతివ్రాత. అనువాదకులు అందించిన వార్తలను కాతిబులు రెల్లుకలంతో నస్తాలీఖ్ లిపిలో పేజీ పేజీ వ్రాస్తే, ఆ వ్రాతనే అచ్చువేసేవారు. వార్తలు రాత్రి వస్తాయి కనుక వారి పని కూడ రాత్రియే. అబ్బా రాత్రి తొమ్మిది గంటలకు సైకిలెక్కి పోయి, తెల్లవారుజామున వ్రేళ్లకు సిరా మరకలతో తిరిగి వచ్చేవారు. ఊరంతా చదివే అక్షరాలు ఆయనవే. ఆయన ముఖం మాత్రం ఊరు చూడలేదు. మధ్యాహ్నం నా స్నేహితులు ఇంటికి వస్తే, కిటికీకి దుప్పటి కట్టిన గదిలో నిద్రిస్తూ ఉండేవారు. "మీ నాన్నగారికి ఒంట్లో బాగులేదా?" అని ఎవరైనా అడిగితే, ఔననేవాణ్ణి.

అంతకంటె పెద్ద తప్పు మరొకటి చేశాను. కళాశాలలో చేరినపుడు దరఖాస్తులో తండ్రి వృత్తి అనే గడి ఎదురుగా "వ్యాపారం" అని వ్రాశాను. అధికారుల పిల్లల మధ్య, దుకాణదారుల పిల్లల మధ్య, కాతిబు అనే మాట వ్రాయడానికి నా చేయి రాలేదు. మరుసటి సంవత్సరం ఉపకారవేతనపు కాగితాలపై తండ్రి సంతకం కావలసి వచ్చింది. ఆ కాగితాలలో పాత దరఖాస్తు నకలు కూడ ఉన్నది. అక్షరమే జీవనమైన మనిషి చేతికి ఏ కాగితం వచ్చినా చదువకుండ విడువడు. అబ్బా చదివారు. ఆ గడి దగ్గర కొంచెంసేపు ఆగారు. ఏమీ అనలేదు. పండుగ సంచిక శీర్షిక వ్రాసేటంత శ్రద్ధగా సంతకం చేసి కాగితం నా చేతికిచ్చారు.

మండపం నుండి నేను తెచ్చినవి రెండు కర్పరాలు. ఒకటి మాకు రాత్రి దొరికిన బుల్లా. రెండవది రామేశ్వరం గుడివీధి దుకాణంలో కొన్నది. ఇది కూడ గుండ్రమే. దీనికి కూడ శిఖరం లేదు. పలుచని కాగితం వంటి కర్పరంపై గోధుమరంగు సన్నని గీతలు అలలవలె చుట్టి ఉన్నాయి. ఆకారం ఒకటే కనుక రెండూ బుల్లాలే అని నిశ్చయించుకొన్నాను. ప్రదర్శనశాలకు ఇవ్వడానికి చీటీలు వ్రాసి పెట్టమని అబ్బాను అడిగాను. ఆయన కర్పరాన్ని దీపానికి ఎదురుగా పట్టి చూచి, "బుల్‌బులా" అన్నారు. ఉర్దూలో బుల్‌బులా అంటే నీటిబుడగ. లాటిను పేరు కూడ అదే అర్థం ఇస్తుందని చెప్పినపుడు చిన్నపిల్లవానివలె సంతోషించారు. మన తెలుగు బుడగనూ సంస్కృత బుద్బుదాన్నీ నేను జోడించాను. నాలుగు భాషలూ ఒకే ధ్వనితో బుడగను పలుకుతున్నాయి. బుడగ పగిలే చప్పుడే వానికి గురువు కాబోలు అనుకొన్నాము. నాకు జ్ఞాపకం ఉన్నంతలో ఆయనతో నేను చదువును గురించి మాట్లాడిన మొదటి సాయంకాలం అది. రెల్లుకలంతోనే ఆంగ్లాక్షరాలను కూడ ముత్యాలవలె పేర్చి, రెండు చీటీలపైనా "బుల్లా" అని వ్రాసిచ్చారు.

ఆ సంవత్సరాంతపు ప్రయోగ పరీక్షలకు వచ్చిన బాహ్య పరీక్షకులు అల్మైరా ముందు ఆగారు. రెండవ కర్పరాన్ని అరచేతిలో త్రిప్పి చూచి, "ఇది బుల్లా కాదు నాయనా, హైడాటినా" అన్నారు. తరువాత నన్ను కూర్చోబెట్టి వివరించారు. అది పూర్తి పేరున హైడాటినా ఫైసిస్. దాని దేహం గులాబీవన్నె గలది, అంచులు పావడా కుచ్చుల వంటివి. బుల్లా తన దేహాన్ని కర్పరంలోకి పూర్తిగా ముడుచుకొనగలదు. హైడాటినా దేహం అందులో ఇమడదు. బుల్లా శాకాహారి. సముద్రపు పాచినీ శైవలాలనూ తింటుంది. తిన్నది నలుగగొట్టడానికి దాని పొట్టలో, కోడి కందనకాయ వంటి కండర సంచిలో, మూడు గట్టి పలకలు ఉంటాయి. హైడాటినా మాంసాహారి. ఇసుకలో దాగిన పాలీకీట్ పురుగులను పట్టి తింటుంది. దాని పొట్టలో ఆ పలకలు లేవు. "పైన బుడగ చూచి మోసపోయావు. పొట్ట విప్పి చూడవలసింది" అని వారు నవ్వారు.

ఈ పొరపాటు నా ఒక్కడిదే కాదని తరువాతి చదువులో తెలిసి కొంత ఊరట కలిగింది. జీవులకు రెండు మాటల పేరు పెట్టే పద్ధతిని స్థిరపరచిన లినేయస్ మహాశయుడు 1758లో ప్రకటించిన తన గ్రంథపు పదవ ముద్రణలో బుల్లా అనే ప్రజాతిని ఏర్పరచాడు. ఉబ్బినట్లు కనిపించిన కర్పరాలను అనేకం అందులో చేర్చాడు. మా బుల్లా అంపుల్లా అందులోనే, హైడాటినా కూడ అందులోనే. అంతేకాదు, గ్రుడ్డువలె తెల్లగా ఉండే ఒవ్యులా అందులోనే, అత్తిపండు ఆకారపు ఫైకస్ అందులోనే, మంచినీటి నత్త ఫైసా అందులోనే, ఆఫ్రికా నేలపై నడిచే అకటైనా నత్త సహితం అందులోనే! సముద్రమూ చెరువూ అడవీ, మూడింటి వాసులూ ఒకే కప్పు క్రింద చేరారు. చూపు కర్పరం దగ్గరే ఆగిపోయిన ఫలితమది.

తరువాతి రెండు శతాబ్దాల చరిత్ర ఆ కప్పు క్రింది నుండి ఒక్కొక్కరినీ వారి వారి ఇళ్లకు పంపిన చరిత్ర. 1817లో షూమాకర్ హైడాటినాను వేరు ప్రజాతిగా నిలబెట్టాడు. 1827లో జాన్ ఎడ్వర్డ్ గ్రే బుల్లిడే అనే కుటుంబానికి పేరు పెట్టాడు. శిరోఫలకం గల నత్తలను 1883లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు పాల్ ఫిషర్ సెఫలాస్పిడియా అనే క్రమంలో చేర్చాడు. ఈ పనికి ఆధారం కర్పరం మాత్రమే కాదు. మొప్ప ఎక్కడ ఉన్నది, నాడులు ఏ దారిన పోతున్నవి, రాడ్యులా అనే ఆకురాయి వంటి నాలుకపై పండ్ల వరుస ఎట్లున్నది, ప్రత్యుత్పత్తి అవయవాల అమరిక ఏమిటి అనే ప్రశ్నలు. నత్తలలో అధికభాగం డింభక దశలో దేహాన్ని ఒక అర్ధచుట్టు మెలిత్రిప్పుకొని, ఆ మెలికతోనే జీవితం గడుపుతాయి. బుడగ నత్తల వంశంలో ఆ మెలిక చాలవరకు విడిపోయింది. మొప్ప కుడివైపునకు, వెనుకకు జరిగింది. ఒక్కొక్క నత్తలోనూ స్త్రీ పురుష అవయవాలు రెండూ ఉంటాయి. గ్రుడ్లను జిగురుదారాల చిక్కులుగా గడ్డిపైనా పాచిపైనా పెడతాయి. వాటినుండి వెలువడే వెలిజర్ డింభకాలు కొంతకాలం నీటిలో తేలియాడి, పిదప ఇసుకలోకి దిగుతాయి.

తిరిగి నా చీటీ వద్దకు వస్తాను. పరీక్షకుల మాట విన్న నాటి సాయంత్రం, తప్పు చీటీని జేబులో పెట్టుకొని ఇంటికి పోయి, క్రొత్తది వ్రాసిమ్మని అబ్బాను అడిగాను. ఆయన క్రొత్త అట్ట తీయలేదు. పాత చీటీపైనే బుల్లా అనే మాటను ఒక సన్నని గీతతో కొట్టివేసి, ప్రక్కన "హైడాటినా" అని వ్రాశారు. "ఇట్లా బాగుండదు కదా, అబ్బా" అన్నాను. దానికి ఆయన చెప్పినది నేటికీ మరువలేదు. "నిన్నటి పత్రికలో తప్పు పడితే ఈనాడు సవరణ వేస్తాము బేటా. నిన్నటి పత్రికను తెచ్చి కాల్చివేయము. తప్పు వ్రాయడం మనిషికి సహజం. తెలిసిన తరువాత దానిని అట్లే ఉంచడమే దోషం."

ఆయన చీటీ గురించే అన్నారేమో. నాకు మాత్రం దరఖాస్తులోని ఆ గడి కండ్ల ముందు నిలిచింది. మరునాడు కళాశాల కార్యాలయానికి పోయి, తండ్రి వృత్తిని సరిదిద్దవలసిందిగా అర్జీ వ్రాసి ఇచ్చాను. గుమాస్తాగారు కళ్లద్దాలు సవరించుకొని, "కాతిబు అని వ్రాయాలా? ఇప్పుడెందుకు?" అన్నారు. "అదే నిజం కనుక" అన్నాను. ఆయన వ్యాపారం అనే మాటను ఎర్రసిరాతో కొట్టివేసి పైన కాతిబు అని వ్రాశారు. ఆ సంగతి ఇంట్లో చెప్పడానికి మాత్రం నాకు ధైర్యం చాలలేదు.

కాలం గడిచింది. నేను ఎం.ఎస్సీ. ముగించి ఇదే కళాశాలలో అధ్యాపకుడనైనాను. 1990లలో ఉర్దూ పత్రికలకు కంప్యూటరు వచ్చింది. నస్తాలీఖ్ వంపులన్నీ యంత్రం నేర్చుకొన్నది. అబ్బా కలం కడిగి పెట్టెలో పెట్టుకొని ఇంటికి వచ్చారు. ఇక రాత్రులు హాయిగా నిద్రపోతారని అమ్మీ సంతోషించింది. కానీ నిద్ర రాలేదు. రాత్రి తొమ్మిది కాగానే ఆయన లేచి కూర్చునేవారు. వెళ్లవలసిన చోటు లేదు. వసారాలో చిన్న దీపం పెట్టుకొని, ఎవరూ అచ్చువేయని అక్షరాలను వ్రాసుకొంటూ తెల్లవారుజాము వరకు ఉండేవారు.

ఆ రోజులలోనే గ్రంథాలయంలో బుడగ నత్తల కన్నులను గురించి చదివాను. మండపంలో మేము లక్ష్యపెట్టని ఆ రెండు నల్లని చుక్కలే. కాలిఫోర్నియా తీరపు బుల్లా గౌల్డియానా అనే జాతి నత్తపై అమెరికాలో జీన్ బ్లాక్, ఆయన సహచరులు పరిశోధనలు జరిపారు. వారు నత్త కంటిని వేరుచేసి, సముద్రపు నీటి పాత్రలో పెట్టి, పూర్తి చీకటిలో ఉంచారు. దృష్టినాడి నుండి వెలువడే విద్యుత్సంకేతాలను రోజుల తరబడి నమోదు చేశారు. వెలుగు లేదు, దేహం లేదు, మెదడు లేదు. అయినప్పటికీ బయట పగలు కావలసిన వేళకు సంకేతాలు పెరుగుతున్నాయి. రాత్రి కావలసిన వేళకు తగ్గిపోతున్నాయి. రమారమి ఇరువది నాలుగు గంటలకు ఒక ఆవృత్తి. కంటిలోనే గడియారం ఉన్నదన్నమాట. ఆ గడియారం నేత్రపటలపు అడుగున గల కొన్ని నాడీకణాలలో ఉన్నదని 1982లో ప్రకటించారు. 1993 నాటికి అటువంటి ఒక్కొక్క కణాన్ని విడదీసి పెంచి చూచినా, ఆ ఒంటరి కణం కూడ పగలు రాత్రుల లయను తప్పలేదని చూపారు. వెలుగు పని ఆ గడియారాన్ని నడపడం కాదు, సరిచేయడం మాత్రమే.

పుస్తకం మూసి చాలసేపు కూర్చున్నాను. చీకటి పాత్రలోని ఆ కన్ను, వసారాలోని మా అబ్బా ఒకరే అనిపించారు. ఆనాడు బస గదిలో సోమరి అని నవ్వినది నత్తనే కాదని తెలిసింది. మట్టిలో దాగినది నిద్రకు కాదు, తన వేళ కొరకు. ఆ రాత్రి ఇంటికి పోయి వసారాలో ఆయన ప్రక్కన కూర్చుండి, నత్త కంటి కథ అంతా చెప్పాను. "మీరు కూడ అంతే, అబ్బా. మీ గడియారం రాత్రిది" అని ముగించాను. మెచ్చుకొంటారనుకొన్నాను.

ఆయన కలం ప్రక్కన పెట్టి మెల్లగా అన్నారు: "కాదు బేటా. నాకు చిన్ననాటి నుండి తెల్లవారి లేవడమే ఇష్టం. ఉద్యోగంలో చేరిన క్రొత్తలో రెండు గంటల వేళ కలం చేతిలోనే నిద్ర వచ్చేది. కండ్లకు చన్నీళ్లు కొట్టుకొని వ్రాసేవాణ్ణి. ముప్పది సంవత్సరాలు అదే పని. ఇప్పుడు పట్టిన అలవాటు వదలడం లేదు, అంతే."

నేను రెండవసారి అదే తప్పు చేశానని గ్రహించాను. నత్తకు రాత్రి దాని స్వభావం. మా అబ్బాకు రాత్రి మా అన్నం, మా ఫీజులు, నా పుస్తకాలు. పైకి రెండూ ఒకే రూపంలో కనిపించాయి. లోపల కారణం వేరు. బుల్లానూ హైడాటినానూ కలిపివేసిన చూపుతోనే నేను మరల చూశాను. మనిషి గడియారం మెదడులో ఉన్నదనీ, దానిని పగటి వెలుగు ప్రతిదినం సరిచేస్తూ ఉంటుందనీ, రాత్రి పనివారు దానికి ఎదురీదవలసి వస్తుందనీ తరగతిలో పాఠం చెప్పేవాణ్ణి నేనే. ఆ ఎదురీత మా ఇంట్లో ముప్పది సంవత్సరాలు జరిగితే, దానిని సోమరితనమని మొదట అనుకొన్నాను, స్వభావమని తరువాత అనుకొన్నాను. ఆ రాత్రి దరఖాస్తు దిద్దించిన సంగతి కూడ ఆయనకు చెప్పాను. "నాకు తెలుసు" అన్నారు. మరుసటి సంవత్సరపు ఉపకారవేతనపు కాగితాలు కూడ ఆయన సంతకానికే కదా వెళ్లినవి! ఎర్రసిరాతో దిద్దిన మాటను ఆనాడే చదువుకొన్నారు. ఎనిమిదేళ్లు మేమిద్దరం ఒకరికొకరం తెలియదనే అనుకొంటూ గడిపాము.

అబ్బా 2003లో పరమపదించారు. ఆ చీటీ మాత్రం అల్మైరాలో ఉండిపోయింది. దానికి పని ఇంకా మిగిలి ఉన్నది. హైడాటినా కుటుంబానికి హైడాటినిడే అనే పేరు వాడుకలో ఉండగా, అంతకంటె పాతదైన అప్లస్ట్రిడే అనే పేరే నిలువదగినదని పండితులు నిర్ణయించారు. తరువాత డీఎన్ఏ పరీక్షలు వచ్చాయి. 2008లో మలాకియాస్, రీడ్ అనే పరిశోధకులు బుల్లిడే కుటుంబం యావత్తును కర్పరమూ దేహమూ డీఎన్ఏ సహితంగా పునఃపరిశీలించి, నేడు జీవించి ఉన్న జాతులు పన్నెండేనని తేల్చారు. ఆ పన్నెండూ ఒకే ఒక ప్రజాతికి, బుల్లాకు, చెందినవే. పేర్లు మాత్రం ఎన్నో పేరుకొని ఉన్నాయి. ఒకే జాతి నత్తలలో రంగు, పరిమాణం మారినపుడల్లా పూర్వులు క్రొత్త పేరు పెడుతూ పోయారు. ఆ పునఃపరిశీలనలోనే అంతవరకు గుర్తింపు పొందని ఒక జాతికి బుల్లా అరేబికా అని నామకరణం జరిగింది. ఒక వంక పేర్లు తగ్గాయి, మరొక వంక కొత్త జాతి వెలికివచ్చింది. సరిచూడడం అంటే రెండూను.

2009లో సెఫలాస్పిడియా క్రమాన్నే అణుస్థాయిలో పరీక్షించినపుడు, హైడాటినా వంశం ఆ క్రమానికి చెందదనీ, ఆక్టియాన్ నత్తల బంధువర్గమనీ మరింత స్పష్టమైంది. పొట్టలో మూడు పలకలు లేకపోవడం అప్పుడే ఆ మాట చెప్పింది; వినేవారు తక్కువైనారు. 2010లో మొప్ప వెనుక గల నత్తలన్నింటినీ కలిపిన ఓపిస్తోబ్రాంకియా అనే పెద్ద ఇల్లే నిజమైన వంశం కాదని తేలింది. బుల్లా వంటి నత్తలూ సముద్రపు కుందేళ్లూ యూఓపిస్తోబ్రాంకియా అనే క్రొత్త సముదాయంలో చేరాయి. నా విద్యార్థి దశలో కంఠస్థం చేసి మార్కులు తెచ్చుకొన్న పట్టిక చాలవరకు ఈనాడు చెల్లదు. దానికి నాకు విచారం లేదు. హైడాటినా చీటీ దిగువన "అప్లస్ట్రిడే, ఆక్టియోనాయిడియా" అని పెన్సిలుతో చేర్చినది నేనే. నా వ్రాత అబ్బా వ్రాత వంటిది కాదు. మీరు చూచినవెంటనే గుర్తుపట్టగలరు.

విద్యార్థి మిత్రులారా, మీలో కొందరు మండపం పోవచ్చు. మన్నారు సింధుశాఖలోని దీవుల ప్రాంతాన్ని 1986లో సముద్ర జాతీయ వనంగా ప్రకటించారు. మావలె ప్రాణులను సీసాలలో పట్టుకొని రాకండి, దుకాణాలలో కర్పరాలు కొనకండి. నోటుపుస్తకం, అనుమతి ఉన్నచోట టార్చిలైటు చాలు. రాత్రి వేళ ఇసుకమీద ఒక గీత కనిపిస్తే, దాని కొసవరకు ఓపికగా నడవండి. ఇంటి వద్ద పగటిపూట ఎవరైనా నిద్రిస్తూ ఉంటే, రాత్రి వారెక్కడ ఉన్నారో అడిగి తెలుసుకోండి. ఏదైనా దరఖాస్తులో గడి నింపవలసి వచ్చినపుడు తొందరపడి నింపకండి. ఒకవేళ నింపినా, దిద్దుకోవడానికి సిరా దొరుకుతుంది.

చీటీ మార్చకూడదా అని అడిగిన వారందరికీ ఇదే నా ఆలస్యమైన జవాబు. దయచేసి మార్చవద్దు. దాని అడుగున ఇంకా ఒక పంక్తికి చోటున్నది.